ముందుమాట బదులు ఒక ఉత్తరం

చిరంజీవి కీర్తనకు,



నీ కవితల ఫైలు అందింది, చదివాను. ముందుమాట మాత్రం ఇప్పుడే రాయను. అలగకు, కారణం చెబుతాను. ఇందులో వాన ఉంది, వెన్నెల ఉంది, హాస్టల్ కిటికీ ఉంది. కానీ అన్నిటికీ అడ్డంగా నువ్వే నిలబడ్డావు. వాన పడితే నీకేమనిపించిందో తెలుస్తోంది గానీ, ఆ వాన ఎలా పడిందో తెలియడం లేదు.

అలెష్ ష్టేగర్ అని స్లొవేనియా కవి ఒకాయన ఉన్నాడు. 1973లో ప్తుయ్ అనే పాతకాలపు ఊళ్ళో పుట్టాడు. 2005లో ఆయన వస్తువుల మీద ఒక కవితా సంపుటి తెచ్చాడు. మొదట ఒక కవిత, ఆ తర్వాత ఏడేసి కవితల చొప్పున ఏడు భాగాలు, అన్నీ కలిపి యాభై. గుడ్డు, బంగాళాదుంప, కోరాము, గొడుగు, పళ్ళు కుట్టుకునే పుల్ల, కారు అద్దం తుడిచే వైపరు... ఇవీ శీర్షికలు. గుడ్డు కవితలో, పెనం అంచుకు కొట్టి మనం పగలగొట్టే గుడ్డు చస్తూ చస్తూ కన్ను తెరిచి మనల్ని చూస్తుంది. రోజూ ఆమ్లెట్ వేసుకునే మనకు ఆ చూపు ఎప్పుడైనా తగిలిందా? కవి తన బాధ గురించి ఒక్క ముక్క చెప్పడు. చదివినవాడికి మాత్రం ఆ పూట టిఫిన్ సయించదు. చిన్న వస్తువు కవితకు తక్కువేమీ కాదని మన శ్రీశ్రీ ఎప్పుడో చెప్పాడు. మనం ఆ మాటను సభల్లో చెప్పుకున్నంతగా కాగితం మీద పాటించలేదు.

ఇక నువ్వు అడిగిన ప్రశ్న. తెలుగులో చదివేవాళ్ళు లేరు, ఇంగ్లీషులో రాయనా అన్నావు. స్లొవేనియా మొత్తం జనాభా ఇరవై లక్షల పైచిలుకు. మన హైదరాబాద్ జనాభాలో సగం కూడా కాదు. అయినా ష్టేగర్ తన భాషలోనే రాశాడు. బ్రయన్ హెన్రీ అనే అమెరికన్ కవి ఆ వస్తువుల సంపుటిని ఇంగ్లీషు చేస్తే 2010లో అచ్చయింది. మరుసటి ఏడు అక్కడ ఉత్తమ అనువాద గ్రంథం బహుమతి దానికే వచ్చింది. పుస్తకం నడిచి వెళ్ళింది గానీ కవి ఇల్లు మారలేదు. అక్కడ పుస్తకాలకు ప్రభుత్వం డబ్బిస్తుందిలే, మన దగ్గర ఎవరిస్తారు అంటావేమో. నిజమే, కాదనను. కానీ ఆయన ప్రభుత్వం మీదే భారం వేసి కూర్చోలేదు. బెలెత్రినా అనే ప్రచురణ సంస్థలో సంపాదకుడిగా ఇతరుల పుస్తకాలు అచ్చు వేయించాడు. చిలీ కవి నెరూడాను, జర్మన్ కవి గాట్‌ఫ్రీడ్ బెన్‌ను తన భాషలోకి తెచ్చాడు. ఇటలీ సరిహద్దులో ద్రాక్షతోటల మధ్య ఉన్న మెదానా అనే పల్లెలో 1996లో మొదలైన కవితా ఉత్సవాన్ని మిత్రులతో కలిసి నడిపాడు. 2010లో అది ఆయన సొంతూరు ప్తుయ్‌కి మారింది. దాని పేరే ‘కవిత్వం, వైన్ రోజులు’. మీ అమ్మకు మొదటి సగమే చెప్పు.

మూడ్ రావడం లేదని కూడా రాశావు. ష్టేగర్ ఏడాదికోసారి ఏదో ఒక బహిరంగ స్థలంలో పన్నెండు గంటలు కూర్చుని, అక్కడికక్కడ రాసినదాన్ని దిద్దకుండా అచ్చుకు ఇచ్చేవాడు. 2013లో అలా కూర్చున్నది ఫుకుషిమా అణు ప్రమాదంలో దెబ్బతిన్న మినమిసోమాలో. నిన్ను దిద్దకుండా పంపమనడం లేదు సుమా! నువ్వు దిద్దే తీరాలి. కూర్చోవడం మాత్రం ఆయన దగ్గర నేర్చుకో.

2016లో కొచ్చి బినాలే కళా ప్రదర్శనలో ఆయన కట్టించిన పిరమిడ్‌ను నేను చూశాను. ఆస్పిన్‌వాల్ హౌస్ ఆవరణలో చాపలు, మట్టి, పేడతో కట్టింది. దగ్గరికి వెళితే మన పల్లెల్లో అలికిన గోడ వాసనే. లోపల కటిక చీకటి. గోడ తడుముకుంటూ నడుస్తుంటే, దేశం నుంచి వెళ్ళగొట్టబడిన కవుల గొంతులు ఒక్కొక్కటే వినిపించాయి. రోమ్ నుంచి బహిష్కరణకు గురైన ఓవిడ్ ఉన్నాడు, పాలస్తీనా దర్వీష్ ఉన్నాడు, సోవియట్ ప్రభుత్వం పంపేసిన బ్రాడ్‌స్కీ ఉన్నాడు. అంత పెద్ద కట్టడం కట్టించిన మనిషి తన సొంత కవితకు అందులో చోటు పెట్టుకున్నట్టు నాకు కనిపించలేదు. బయటికొచ్చాక కళ్ళు చిట్లించుకుంటూ అక్కడే చాలాసేపు నిలబడిపోయాను. అలంకారాలు ఎన్ని నేర్చినా ఇతరుల గొంతుకు చోటివ్వడం చేతకాకపోతే నా లెక్కలో కవి సగమే.

వచనం కూడా రాయి. ష్టేగర్ బెర్లిన్ నగరం మీద రాసిన చిన్న చిన్న వచన ఖండికలకు 2008లో వాళ్ళ దేశపు వ్యాస సంపుటి బహుమతి, రోజాంత్స్ అవార్డు వచ్చింది. వీధి మలుపు, కాఫీ కొట్టు లాంటివాటిని వచనంలో పట్టుకోగలిగితే కవితలో అనవసరపు మాట దానంతటదే రాలిపోతుంది.

కాబట్టి ఇప్పుడు చేయాల్సింది ఇది. ఫైలు పక్కన పెట్టు. నీ గదిలో ఉన్న ఏదో ఒక వస్తువు మీద కవిత రాయి, అందులో ‘నేను’ ఉండకూడదు. నీకు హిందీ బాగా వచ్చు కదా, ఆ భాష నుంచి నీకు నచ్చిన కవిని ఒకరిని తెలుగు చెయ్యి. రెండూ ఉగాదిలోపు పంపు. అవి చూశాక ముందుమాట సంగతి మాట్లాడుకుందాం.

ఇట్లు,
మీ మామయ్య