బదిలీ ఉత్తర్వుపై కోర్టుకు పోవచ్చునా?

కృష్ణ లంకలలో నాటుసారా బట్టీలను ధ్వంసము చేయించిన రేపల్లె ఎక్సైజు ఇన్‌స్పెక్టరుకో, అధిక భారపు లారీలను నిలిపిన బాపట్ల బ్రేక్ ఇన్‌స్పెక్టరుకో, తెనాలిలో కల్తీ నూనెను పట్టుకొన్న ఆహార తనిఖీ అధికారికో హఠాత్తుగా బదిలీ ఉత్తర్వు వచ్చినదనుకొందము. దానిని న్యాయస్థానమున సవాలు చేయవచ్చునా? చేయవచ్చును, కాని గెలుచుట కష్టము. ఈ రెండవ మాటను దాచుట పాఠకునకు అపకారమే యగును.

బదిలీ ఉద్యోగములో నంతర్భాగమనియు, ఎవరినెచ్చట నియమింపవలెనో నిర్ణయించునది ప్రభుత్వమే గాని న్యాయస్థానము కాదనియు సుప్రీంకోర్టు 1993 నాటి అబ్బాస్ కేసులో స్పష్టపరచినది. ఉత్తర్వు దురుద్దేశపూరితమైనను, శాసనబద్ధమైన నియమమునకు విరుద్ధమైనను, అధికారము లేనివాడు జారీచేసినదైనను మాత్రమే కోర్టు జోక్యము కలుగును. దురుద్దేశమును నిరూపించు భారము మిక్కిలి గురుతరమని 1974లోనే రాయప్ప కేసు తేల్చినది. ఎవరిపై నారోపింతుమో వారిని పేరుతో ప్రతివాదిగా చేర్చవలెను. శాసనసభ్యుని సిఫారసుపై బదిలీ జరిగినదన్నంత మాత్రమున ఉత్తర్వు చెల్లకపోదని 2007లో మసూద్ అహ్మద్ కేసులో చెప్పిన తీర్పు ప్రజలకు మింగుడుపడనిదే యైనను, నేటికిని న్యాయవాదులు దానినే ఉటంకింతురు.

ఐనను ఆశకు తావు లేకపోలేదు. సోమేష్ తివారి యను కేంద్ర ఎక్సైజు అధికారిపై ఆకాశరామన్న ఉత్తరమొకటి వచ్చినది; విచారణలో ఆరోపణలు రుజువు కాలేదు; అయినను ఆయనను భోపాలు నుండి షిల్లాంగునకును, పిమ్మట అహ్మదాబాదునకును పంపిరి. బదిలీ పేరిట శిక్ష విధించుట చట్టదృష్టిలో దురుద్దేశమేయని సుప్రీంకోర్టు 2008 డిసెంబరులో ఆ ఉత్తర్వును కొట్టివేసినది. వ్యక్తిగత ద్వేషమును రుజువు చేయలేని నిజాయితీపరునకు ఈ తీర్పు గొప్ప ఆధారము: అసంబద్ధమైన కారణముపై ఉత్తర్వు వెలువడినదని కాగితములు చూపగలిగిన చాలును.

మన రాష్ట్రమున మరియొక రక్షణ కలదు. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ననుసరించి స్థానిక కేడరులోని ఉద్యోగి బదిలీ సాధారణముగా ఆ కేడరు పరిధిలోనే జరుగవలెను. ఆ పరిధి ఒక జిల్లా కావచ్చును, కొన్ని జిల్లాలు కలిసిన జోను కావచ్చును; గుంటూరు, ప్రకాశము, నెల్లూరు జిల్లాలు పూర్వము మూడవ జోను. బాపట్ల, రేపల్లెలు 2022 ఏప్రిలులో కొత్త జిల్లాలోనికి పోగా తెనాలి గుంటూరు జిల్లాలోనే నిలిచినది గనుక, ఉద్యోగి తన పోస్టు జిల్లా కేడరుదో జోనల్ కేడరుదో ముందుగా తెలిసికొనవలెను.

రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునలు రద్దయిన పిమ్మట రాష్ట్రోద్యోగి 226వ అధికరణము క్రింద అమరావతిలోని హైకోర్టులోనే రిట్ వేయవలెను. ప్రావిడెంట్ ఫండు ఎన్‌ఫోర్స్‌మెంటు అధికారి వంటివారు హైదరాబాదులోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునలునకు పోవలెను. ముందుగా పై అధికారికి వినతిపత్రమిచ్చి రసీదు పొందవలెను. స్టే రానంతవరకు కొత్త స్థానమున చేరవలసినదే. వినతి పెట్టుకొంటినని చేరక కూర్చున్న ఉద్యోగి కొలువు పోయిన సంగతి 1989 నాటి గుజరాత్ విద్యుత్ బోర్డు కేసు చెప్పుచున్నది.

ఇక పౌరుల మాట. మంచి అధికారిని నిలుపుకొనుటకై ఊరివారు ప్రజాప్రయోజన వ్యాజ్యము వేసినను నిలువదు. ఉద్యోగ విషయములలో అది చెల్లదని 1998లోనే తీర్పున్నది. సమాచార హక్కు ద్వారా బదిలీల మార్గదర్శకములను, సంబంధిత జి.ఓ.లను అడుగవచ్చును గాని, వ్యక్తి సర్వీసు వివరములు తేలికగా లభింపవు. 2012లో గిరీష్ దేశ్‌పాండే కేసున సుప్రీంకోర్టు వాటిని వ్యక్తిగత సమాచారముగా నిర్ణయించినది, ఆ కేసులోని ఉద్యోగియు ఎన్‌ఫోర్స్‌మెంటు అధికారియే. 2006 నాటి ప్రకాశ్ సింగ్ తీర్పు పోలీసు స్టేషను అధికారులకు, 2013 నాటి సుబ్రమణియన్ తీర్పు సివిల్ ఉద్యోగులకు కనీస పదవీకాల ముండవలెనన్నవి. వీటి అమలుకై ప్రజాప్రతినిధులను నిలదీయుట మన హక్కు.

అన్నిటికంటె ముఖ్యమైనదొకటి: అధికారి వెళ్లినను ఆయన పెట్టిన కేసు పోదు. తరువాత వచ్చినవారు దానిని నడుపవలసినదే. పాత అధికారిని ఎంత దూరమునుండియైనను సాక్షిగా కోర్టు పిలిపింపగలదు. కావున ఆ కేసు నెంబరును వ్రాసియుంచుకొని, వాయిదా వాయిదాకు దాని గతిని విచారింపుడు.