85 తిరిగితే మిగిలింది 31!

మిర్యాలగూడలో పనున్న సూర్యాపేట కుర్రాడొకడు కోదాడ మీదుగా వెళ్లాడనుకోండి. మునగాల దాటి కోదాడ, అక్కణ్నుంచి హుజూర్‌నగర్, నేరేడుచర్ల మీదుగా మిర్యాలగూడ. రోడ్డు వంపులు వదిలేసి మ్యాపు మీద స్కేలు పెడితే మొదటి మజిలీ సుమారు 40 కిలోమీటర్లు, రెండోది 45. మొత్తం 85. అదే సూర్యాపేట నుంచి మిర్యాలగూడకు తిన్నగా గీత గీస్తే 31కి మించదు. మిగతా 54 ఏమైనట్టు?

ఇంటర్ మొదటి ఏడాది ‘సదిశల సంకలనం’ చదివినవాళ్లు ఠక్కున చెప్పాలి. (పరీక్ష అయ్యాక ఎవరికి గుర్తుంటుందనేది వేరే సంగతి.) తూర్పు పడమరలు ఒక ఖాతా, ఉత్తర దక్షిణాలు ఇంకో ఖాతా. కోదాడకు వెళ్లినప్పుడు తూర్పుకు 37, దక్షిణానికి 16. అక్కణ్నుంచి మిర్యాలగూడకు పడమరకు 43, దక్షిణానికి 14. తూర్పు ప్లస్, పడమర మైనస్. 37లోంచి 43 పోతే పడమరకు మిగిలేది 6. దక్షిణం రెండుసార్లూ ఒకే వైపు కాబట్టి 30. ఈ రెండింటి వర్గాలు కూడి వర్గమూలం తీయండి, దాదాపు 31.

ఆ దక్షిణాన్ని చూడండి. రెండు మజిలీల్లోనూ చిన్న అంకె దానిదే. పెద్ద అంకెలు ఒకదాన్నొకటి మింగేశాయి. గుర్తు మారని చిన్న అంకే ఊరు చేర్చింది.

‘రోజుకు పన్నెండు గంటలు కష్టపడుతున్నా, ఫలితం లేదు’ అనేవాళ్లు గంటల్ని కూడుతున్నారే తప్ప దిక్కు చూడటం లేదు. నెలనెలా చిట్టీ కడుతూనే కొత్త ఫోనుకు ఈఎంఐ పెట్టేవాళ్ల పొదుపు ఎక్కడ పెరుగుతుంది? ఒకే కొట్టులో అన్న ఉద్దెరకు ఇస్తూ, తమ్ముడు నగదు లేనిదే సరుకు కదలనివ్వకపోతే, ఇద్దరి చెమటా కూడికలో కొట్టుకుపోతుంది. అక్కడ కావాల్సింది ఇంకా చెమట కాదు, ఇద్దరూ కూర్చుని ఒక మాట అనుకోవడం.

ఇంకో పొరపాటు, ఒక ఖాతాలోది మరో ఖాతాలో వేసుకోవడం. ఇంగ్లిష్ ఎంత దంచినా అరిథ్‌మెటిక్ లోటు పూడదు. అలాగని కోదాడ వెళ్లడమే తప్పని కాదు. అక్కడ పనుంటే వెళ్లాల్సిందే, దాన్ని మాత్రం మిర్యాలగూడ లెక్కలో రాసుకోవద్దు.

ఈ రాత్రి ఒక కాగితం తీసుకోండి. మీకు ముఖ్యమైన లక్ష్యం ఒక్కటే పైన రాయండి. ఈ వారం చేసిన పనుల్ని కింద రాసి, ఒక్కోదాని పక్కన ప్లస్సో, మైనస్సో, సున్నానో పెట్టండి. రేపట్నుంచి ఇంకో గంట ముందు లేవాలని తీర్మానించుకునే ముందు, వాటిలో అన్నిటికన్నా పెద్ద మైనస్‌ను ఆపేయండి.