దోసిట్లో బంతి

పాఠ్యభాగ ఉద్దేశం: ఆటలో పరుగులు తీసినవారి పేరు అందరికీ గుర్తుంటుంది. పరుగులను ఆపినవారి శ్రమ చాలాసార్లు లెక్కకు రాదు. బంతిని పట్టడం పుట్టుకతో వచ్చే నేర్పు కాదనీ, గురువు ఓర్పుతో నేర్పితే అభ్యాసంతో అలవడే విద్య అనీ విద్యార్థులకు తెలియజేయడం ఈ పాఠం ఉద్దేశం.

పాఠం:

2024 జూన్ 29న బార్బడోస్ దీవిలో టీ-20 ప్రపంచకప్ తుది పోటీ ముగింపునకు వచ్చింది. చివరి ఓవరులో దక్షిణాఫ్రికా గెలుపునకు 16 పరుగులు కావాలి. హార్దిక్ పాండ్యా వేసిన మొదటి బంతిని డేవిడ్ మిల్లర్ బలంగా గాలిలోకి కొట్టాడు. అది సిక్సరేనని చూసినవారు అనుకున్నారు. బౌండరీ తాడు వెంట పరుగెత్తుకొచ్చిన సూర్యకుమార్ యాదవ్ బంతిని అందుకున్నాడు. అయితే ఆ వేగానికి తన అడుగు తాడు దాటబోతున్నది. అతడు బంతిని పైకి ఎగురవేసి, తాడు అవతలికి వెళ్లి, మళ్లీ లోపలికి వచ్చి దానిని పట్టుకున్నాడు. భారతజట్టు 7 పరుగుల తేడాతో గెలిచింది. ఆ ఒక్క బంతి తాడు అవతల పడి ఉంటే, మిగిలిన 5 బంతులలో దక్షిణాఫ్రికాకు 10 పరుగులు చాలేవి.

అందరూ దానిని అద్భుతమన్నారు. అద్భుతమనే మాటలో ఒక చిక్కు ఉంది. అనుకోకుండా జరిగిందనీ, మరొకరికి సాధ్యం కాదనీ ఆ మాట ధ్వనిస్తుంది. తాడు దగ్గర బంతిని ఎగురవేసి మళ్లీ అందుకోవడం నేటి ఆటగాళ్లు సాధనలో పదేపదే చేసే పనే. ఆ జట్టుకు ఆ సాధన చేయించిన శిక్షకుడు హైదరాబాదుకు చెందిన టి. దిలీప్. ఆయన రంజీ పోటీలలో ఆడినవారు కారు. పిల్లలకు గణితం ట్యూషన్లు చెప్పుకుంటూ శిక్షకుడిగా అర్హతలు సంపాదించుకున్నారు. 2021 నవంబరులో భారతజట్టు ఫీల్డింగ్ శిక్షకులయ్యారు. ఆయనకు ముందు 2014 నుండి 2021 వరకు ఆ బాధ్యతలో ఉన్న ఆర్. శ్రీధర్ కూడా హైదరాబాదు జట్టు తరఫున ఆడిన ఎడమచేతి స్పిన్నరే. బంతిని పట్టించే విద్యలో దేశానికి వరుసగా ఇద్దరు గురువులను ఒకే నగరం అందించడం గమనింపదగినది.

దిలీప్ తొలిరోజులలో పనిచేసిన జట్లలో హైదరాబాదు నగరానికి చెందిన డెక్కన్ ఛార్జర్స్ ఒకటి. ఆ జట్టుకు మైక్ యంగ్ అనే అమెరికా దేశీయుడు ఫీల్డింగ్ నేర్పారు. ఆయన అసలు విద్య క్రికెట్ కాదు, బేస్‌బాల్. అంతకుముందే ఆస్ట్రేలియా క్రికెట్ జట్టు ఆయనను పిలిపించుకుంది. బ్యాటు పట్టని, బౌలింగ్ చేయని మనిషి క్రికెట్ ఆటగాళ్లకు ఏం చెబుతాడని మొదట ఆశ్చర్యం కలగడం సహజమే. కాని బేస్‌బాల్‌లో రక్షణ ఒక ప్రత్యేక శాస్త్రం. చిన్నపిల్లల జట్లలో సైతం బంతి పట్టడం, పట్టిన వెంటనే పాదాలు సర్దుకోవడం, తుంటిని తిప్పి విసరడం విడివిడిగా నేర్పుతారు. అక్కడ మరొక ఏర్పాటు ఉంది. పట్టవలసిన బంతిని జారవిడిస్తే లెక్కలు వ్రాసే అధికారి దానిని ‘ఎర్రర్’ అని ఆ ఆటగాడి పేరున నమోదు చేస్తాడు. క్రికెట్ స్కోరు పుస్తకంలో జారిన క్యాచ్‌కు గడి లేదు. 10 పరుగుల వద్ద ప్రాణం దక్కినవాడు 110 చేస్తే ఆ నూరు పరుగులు బ్యాటు పట్టినవాని ఖాతాలోకే పోతాయి. పుస్తకంలో లేని తప్పును దిద్దాలనే ఆలోచన సులభంగా పుట్టదు. మన ఆటలో ఫీల్డింగ్‌కు ప్రత్యేకంగా గురువు కావాలని గ్రహించడానికి ఇంతకాలం పట్టడానికి ఇదొక కారణం కావచ్చు.

ఇక ఊళ్లలోని ఆటను చూద్దాం. వెలికొండల చెంతనున్న సీతారామపురం, ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతాల పల్లెలలో పంట తీసిన చేనే క్రీడాస్థలం. బ్యాటు ఒకరిది, బంతి ఒకరిది. ఈ రెండూ లేని పిల్లవానికి, అందరికన్నా చిన్నవానికి మిగిలేది ఫీల్డింగ్. వానిని దూరంగా కంపచెట్ల దగ్గర నిలబెడతారు. పొదలో పడిన బంతిని వెదికి తేవడం వాని పని. ఎప్పుడో ఒక క్యాచ్ వానివైపు వస్తుంది. ఎవరూ నేర్పనందున జారిపోతుంది. అందరూ నవ్వుతారు. మరుసటి బంతికి వాడు చేతులు చాచడు. అలా ఆట మానుకొన్న పిల్లలు ఎందరో. తప్పు వానిది కాదు. బ్యాటు, ప్యాడ్లు కొనలేని పిల్లవాడు ఉత్త చేతులతో, ఒక టెన్నిస్ బంతితో సంపూర్ణంగా నేర్చుకోదగిన క్రికెట్ విద్య ఇదొక్కటే. దానినే వానికి ఎవరూ నేర్పలేదు.

నిజానికి మన పిల్లలకు బంతి పట్టడం కొత్త కాదు. బిళ్లంగోడు ఆటలో గాలిలోకి లేచిన బిళ్లను పట్టుకొంటే కొట్టినవాడు అవుట్ కావడం వారికి తెలిసినదే. అంతకన్నా వెనుకకు పోతే మహాభారతం ఆదిపర్వంలో రాకుమారులు ఆడుకొంటున్న కందుకం నూతిలో పడుతుంది. వారు తీయలేక చూస్తూ నిలబడినప్పుడు ద్రోణుడు వచ్చి దానిని పైకి తీస్తాడు. కురుకుమారులకు గురువు దొరకడం ఒక బంతి జారిపోవడంతోనే మొదలైంది. అయితే ద్రోణుడు బంతిని తీసియిచ్చాడే గాని నూతిలో పడకుండా పట్టడం నేర్పినట్లు వ్యాసుడు చెప్పలేదు.

పట్టడం నేర్పేవారు మొదట సరిదిద్దేది చేతులను కాదు, పాదాలను. కాళ్లను భుజాలంత వెడల్పుగా ఉంచి, మోకాళ్లు కొద్దిగా వంచి, బరువును మడమలపై గాక మునికాళ్లపై నిలపాలి. బౌలరు పరుగు మొదలుపెట్టగానే ఫీల్డరు రెండు మూడడుగులు ముందుకు నడవాలి. కదులుతున్న శరీరం ఏ వైపుకైనా తొందరగా మళ్లుతుంది. తల నిశ్చలంగా ఉండాలి. చూపు బ్యాటు మీది నుండి బంతి మీదికి, బంతి వెంటే అరచేతుల దాకా రావాలి. చాలా క్యాచ్‌లు చివరి అర గజంలో జారిపోతాయి. బంతి అందిందని మనస్సు ముందే సంతోషించడం, కన్ను పక్కకు తప్పుకోవడం అందుకు కారణం.

తరువాత చేతులు. రొమ్ముకు దిగువగా వచ్చే బంతికి నీళ్లు పట్టే దోసిలివలె చిటికెనవేళ్లు కలిపి, వేళ్లు క్రిందికి ఉంచాలి. రొమ్ముకు ఎగువగా వచ్చేదానికి బొటనవేళ్లు కలిపి, వేళ్లు ఆకాశంవైపు ఉంచాలి. ఎంతో ఎత్తు నుండి పడే బంతిని ఎలా పట్టాలన్న విషయంలో శిక్షకులలో భేదాభిప్రాయాలున్నాయి. కొందరు గడ్డం ఎత్తులో దోసిలి పట్టమంటారు. ఆస్ట్రేలియా సంప్రదాయం అరచేతులను బయటికి తిప్పి కన్నుల ఎదుట పట్టమంటుంది. పిల్లవాని చేతికి ఏది కుదిరితే అదే మంచి పద్ధతి. అయితే వ్రేళ్లకొనలు బంతికి ఎదురుగా ఉండరాదన్న విషయంలో మాత్రం భేదం లేదు. అలా ఉంచితే వేలు విరుగుతుంది. బొటనవేలి విలువ ఏకలవ్యుని కథ ఎరిగినవారికి వేరుగా చెప్పనక్కరలేదు.

అన్నిటికన్నా ముఖ్యమైనది చేతులను వెనుకకు తీసుకోవడం. దీనిని విద్యార్థులు భౌతికశాస్త్రంలో చదివే ఉంటారు. క్రికెట్ బంతి బరువు సుమారు 160 గ్రాములు. అది గంటకు 72 కిలోమీటర్ల వేగంతో, అంటే సెకనుకు 20 మీటర్ల వేగంతో వస్తున్నదనుకొందాం. చేతులు బిగబట్టి దానిని సెకనులో నూరోవంతు కాలంలో ఆపితే అరచేతిపై పడే సగటు బలం 320 న్యూటన్లు. చేతులు బంతితోపాటు వెనుకకు జరిగి, ఆపే కాలాన్ని సెకనులో పదోవంతుకు పెంచితే అది 32 న్యూటన్లు మాత్రమే. మొదటిది 30 కిలోలకు పైబడిన బరువు వంటిది. రెండవది 3 కిలోల బియ్యం సంచి వంటిది. బంతి అదే, వేగం అదే. బిగిసిన చేతిని తాకి బంతి ఎగిరిపోతుంది. తగ్గిన చేతిలో నిలుస్తుంది. బేస్‌బాల్ ఆటగాళ్లు తోలు గ్లవ్ తొడుక్కొని పట్టేది కూడా ఈ సూత్రం మీదనే. ఆ గ్లవ్ సైతం 1870 దశకంలో గాని వారి ఆటలో ప్రవేశించలేదు. అంతకుముందు వారివీ మనవలె వట్టిచేతులే.

నేలపై దొర్లివచ్చే బంతిని ఆపడంలో శరీరమే గోడ కావాలి. ఒక మోకాలు నేలకు ఆనించి, రెండవ పాదం మడమను దానికి చేర్చి, మధ్యలో సందు లేకుండా కూర్చోవాలి. చేయి తప్పితే కాలు ఆపుతుంది. ఈ పాఠం మెత్తని పచ్చిక ఉన్న మైదానాలకు చక్కగా సరిపోతుంది. మెట్టప్రాంతపు రాతినేలలో బంతి రాయికి తగిలి ముఖం మీదికి లేస్తుంది. అక్కడి పిల్లలు తల పక్కకు తిప్పుకోవడం పిరికితనం కాదు, అనుభవం. కనుక నేర్పేవారు ముందుగా పదడుగుల చోటైనా రాళ్లు ఏరించాలి. దూకి పట్టడం నేర్పాలంటే వాగులోని ఇసుక మేలు.

భయం పోగొట్టడం తిట్టడం వల్ల జరగదు. కన్ను మూసుకొనే పిల్లవానికి మొదట ఐదడుగుల దూరం నుండి మెత్తని బంతిని చేతి క్రిందుగా వేయాలి. పది పట్టినవానికి ఒక అడుగు దూరం పెంచాలి. గట్టిబంతి చివరకు రావాలి. తోడు ఎవరూ లేనివానికి గోడ చాలు. డాన్ బ్రాడ్‌మన్ బాల్యంలో గోల్ఫ్ బంతిని కంచె కమ్మీకి విసిరి, ఏ వైపుకు వస్తుందో తెలియని ఆ బంతిని పట్టుకొనేవాడు. జారినా చేయి వదలకపోవడం కూడా అభ్యాసంతో వచ్చేదే. 2025 నవంబరు 2న నవీ ముంబయిలో మహిళల ప్రపంచకప్ తుది పోటీలో, శతకం చేసిన దక్షిణాఫ్రికా నాయకురాలు లారా వోల్వార్ట్ కొట్టిన బంతి అమన్‌జోత్ కౌర్ చేతులలో రెండుసార్లు ఎగిరి మూడవసారి నిలిచింది. మన జట్టు 52 పరుగులతో గెలిచింది. సీతారామపురానికి పొరుగునే ఉన్న కడప జిల్లా నుండి వచ్చిన శ్రీచరణి ఆ జట్టులో ఉంది.

ధైర్యానికి హద్దు ఉంది. 1998 ఫిబ్రవరిలో ఢాకాలో జరిగిన ఒక క్లబ్బు పోటీలో భారత మాజీ ఆటగాడు రమణ్ లాంబా శిరస్త్రాణం లేకుండా షార్ట్ లెగ్ స్థానంలో నిలబడ్డారు. బ్యాటు నుండి వచ్చిన బంతి ఆయన తలకు తగిలి ఎగిరి వికెట్ కీపర్ చేతిలో పడింది. అవుట్ దక్కింది. ఫిబ్రవరి 23న లాంబా మరణించారు. బ్యాటుకు దగ్గరగా పిల్లలను నిలబెట్టేవారు హెల్మెట్ లేకుండా నిలబెట్టడం నేరమే అనవచ్చు.

హెల్మెట్ వాడుకలోకి రాని కాలంలో ఆ స్థానాలలో నిలిచి పేరు తెచ్చుకొన్న హైదరాబాదీ సయ్యద్ ఆబిద్ అలీ. ఆయన 1941లో జన్మించారు. 1956లో హైదరాబాదు పాఠశాలల జట్టుకు ఎంపికై, కేరళపై 82 పరుగులు చేశారు. అయినా ఆయనకు దక్కిన బహుమతి ఉత్తమ ఫీల్డరుది. ఆయన వికెట్ కీపరుగా మొదలుపెట్టి తరువాత బౌలరయ్యారు. 1967 డిసెంబరులో అడిలైడ్‌లో తొలి టెస్టులోనే 55 పరుగులకు 6 వికెట్లు పడగొట్టారు. ఆనాడు బేడీ, ప్రసన్న, చంద్రశేఖర్, వెంకటరాఘవన్ అనే నలుగురు స్పిన్నర్ల కీర్తిలో సగభాగం బ్యాటు చుట్టూ చేతులు చాచి నిలిచినవారిదే. వారిలో మేటి ఏక్‌నాథ్ సోల్కర్. ఆయన 27 టెస్టులలో 53 క్యాచ్‌లు పట్టారు. 1971 ఆగస్టు 24న ఓవల్ మైదానంలో ఇంగ్లండుపై గెలుపు పరుగులు తీసినది ఆబిద్ అలీ బ్యాటే.

ఆట ముగిశాక ఆయన గురువయ్యారు. 2001-02లో ఆంధ్ర రంజీ జట్టుకు, ఆపై యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్ జట్టుకు శిక్షణ ఇచ్చారు. కాలిఫోర్నియాలో స్థిరపడిన ఆయన, బేస్‌బాల్ పుట్టిన దేశంలో పిల్లలకు క్రికెట్ నేర్పారు. 2025 మార్చిలో అక్కడే కన్నుమూశారు.

అభ్యాసం

అ) జారిన క్యాచ్ క్రికెట్ స్కోరు పుస్తకంలో నమోదు కాకపోవడం వల్ల కలిగిన ఫలితమేమిటి? బేస్‌బాల్‌తో పోల్చి వ్రాయండి.

ఆ) బంతిని పట్టేటప్పుడు చేతులను వెనుకకు తీసుకోవడం వల్ల కలిగే ప్రయోజనాన్ని లెక్కతో సహా వివరించండి.

ఇ) ఊరి ఆటలో చిన్నవానికి ఫీల్డింగ్ మాత్రమే దక్కడం గురించి రచయిత అభిప్రాయమేమిటి? మీ అనుభవంతో సరిచూడండి.

ఈ) మీ కళాశాల మైదానంలో బంతిని చూసి భయపడే ఒక పిల్లవానికి క్యాచ్ పట్టడం నేర్పవలసి వస్తే మొదటి వారం ఏమేమి చేయిస్తారో ఒక పుటలో వ్రాయండి.

ఉ) సొంతవాక్యాలలో ప్రయోగించండి: అలవడు, చేతులు చాచు, ప్రాణం దక్కు, భేదాభిప్రాయం.