బండ మీద సాధన చేసే ధైర్యం

గైడు వెంట ఉండగా కొండ చరియ ఎక్కడం, తాడు సాయంతో దిగడం, లోయకు అడ్డంగా కట్టిన ఉక్కు తీగ మీద జారుతూ అవతలి గట్టు చేరడం: ఈ మూడూ కలిసిన ఒకరోజు విహారాలకు ఇప్పుడు కాలేజీ విద్యార్థులు వెళ్తున్నారు, ఆఫీసు బృందాలూ కుటుంబాలూ వెళ్తున్నాయి. వినోదం కోసం వెళ్లేవాళ్లే ఎక్కువ. అందులో తప్పేమీ లేదు. అయితే భయంతో ఎలా మెలగాలో ఇంత తక్కువ వ్యవధిలో, ఇంత స్పష్టంగా నేర్పే సందర్భాలు అరుదు. ఆ నేర్పుకు ఒక వరస ఉంది. వరస తప్పితే ఇంటికి చేరేది ఫొటోలే.

వరస విలువ తెలియాలంటే భువనగిరి వైపు చూడాలి. హైదరాబాదుకు 50 కిలోమీటర్ల దూరంలో, 500 అడుగులు లేచిన ఏకశిల మీద పశ్చిమ చాళుక్య రాజు త్రిభువనమల్ల ఆరవ విక్రమాదిత్యుడి పేరుతో వెలసిన కోట అది. ఆ గుట్ట పాదం దగ్గర రాక్ క్లైంబింగ్ పాఠశాల ఉంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ చివరి రోజుల్లో సాంఘిక సంక్షేమ గురుకులాల నుంచి ఎంపికైన పిల్లలు తొలిసారి తాడు పట్టింది అక్కడే. వారిలో కొందరు డార్జిలింగ్‌లోని హిమాలయన్ మౌంటెనీరింగ్ ఇన్‌స్టిట్యూట్‌కు, తర్వాత చలికాలపు లదాఖ్‌కు వెళ్లారు. నిజామాబాద్ జిల్లా పాకాలకు చెందిన మాలావత్ పూర్ణ, ఖమ్మం జిల్లాకు చెందిన సాధనపల్లి ఆనంద్ కుమార్ 2014 మే 25న టిబెట్ వైపు నుంచి ఎవరెస్ట్ శిఖరం చేరారు. అప్పటికి పూర్ణ వయసు 13 ఏళ్ల 11 నెలలు. ఆ విజయం చెప్పుకునేటప్పుడు అందరి చూపూ 8,848 మీటర్ల ఎత్తు మీదే నిలుస్తుంది. శిక్షణ కోణంలో అంతకన్నా విలువైన సంగతి ఆ మెట్ల క్రమం: ముందు ఇంటికి దగ్గరలోని వెచ్చటి బండ, తర్వాత మంచు కొండ, తర్వాత గడ్డకట్టే చలి, ఆ తర్వాతే ఎవరెస్ట్. ఏ దశలోనూ పిల్లలను వాళ్లకు అలవాటైన భయం కంటే మరీ పెద్ద భయం ముందు నిలబెట్టలేదు.

ఎత్తంటే భయం పిరికితనం కాదు. అమెరికాలోని కార్నెల్ విశ్వవిద్యాలయంలో ఎలినార్ గిబ్సన్, రిచర్డ్ వాక్ 1960లో ప్రచురించిన ప్రయోగం ప్రసిద్ధమైంది. ఒక బల్ల మీద గట్టి గాజు పరిచారు. ఒక సగం మామూలు బల్లలాగే కనిపిస్తుంది, మిగతా సగంలో గాజు కింద లోతు కనిపించేలా చేశారు. పాకే వయసు పిల్లల్లో ఎక్కువమంది తల్లి పిలిచినా ఆ లోతు వైపు గాజు మీదికి పోలేదు. మాటలు రాని వయసులోనే లోతును చూసి ఆగే జాగ్రత్త మనిషిలో ఉంది. కాబట్టి చరియ అంచున మోకాళ్లు వణికితే సిగ్గుపడాల్సిన పనిలేదు. శిక్షణ చేసే పని ఆ భయాన్ని తుడిచెయ్యడం కాదు. ఏ లోతు నిజంగా ప్రమాదకరమో, ఏ లోతు మీద గాజు పరిచి ఉందో తేల్చుకోగల చూపు ఇవ్వడం.

ఆ చూపు సామగ్రి దగ్గర మొదలవుతుంది. తలకు హెల్మెట్, నడుముకూ తొడలకూ హార్నెస్, దానికి ఎనిమిది అంకె ఆకారపు ముడితో కట్టిన తాడు, తాళం మర ఉన్న కారబినర్ అనే కొక్కెం, తాడును ఆపి పట్టే బిలే పరికరం. ఎక్కడానికి వాడే తాడు కొద్దిగా సాగుతుంది. పడితే ఆ సాగుదలే దెబ్బను మింగేస్తుంది. దిగడానికి వాడే తాడు అంతగా సాగదు. బయల్దేరే ముందు ఎక్కేవారూ, కింద తాడు పట్టేవారూ ఒకరి హార్నెస్ బకిల్‌ను, ముడిని, కారబినర్ మరను మరొకరు కంటితో చూసి, చేత్తో లాగి పరీక్షిస్తారు. ఎంత అనుభవజ్ఞులైనా ఈ పరీక్ష మానరు. నిజానికి అనుభవం పెరిగినకొద్దీ అలవాటు వల్ల ముడి సగంలో వదిలేసే ప్రమాదమూ పెరుగుతుంది. అందుకే రెండో కన్ను కావాలి. తన పనిని మరొకరు తనిఖీ చేస్తే అవమానంగా భావించే స్వభావం చాలామందికి ఉంటుంది. బండ దగ్గర ఆ స్వభావానికి చోటు లేదు.

ఇక ఎక్కడం. కొత్తవారి శరీరం చేసే మొదటి పని బండను కౌగిలించుకోవడం. భద్రత కోసం చేసే ఈ పనే జారేలా చేస్తుంది. భువనగిరి లాంటి వాలు బండ మీద పట్టు ఇచ్చేది అరికాలికీ రాతికీ మధ్య ఒరిపిడి. శరీర బరువు నిటారుగా పాదాల మీద పడితే ఆ ఒరిపిడి పెరుగుతుంది. ఛాతీని రాతికి ఆనిస్తే నడుము లోపలికి పోతుంది, పాదాలు బయటికి తన్నుకుంటాయి, బూటు జారుతుంది. నిలబడినవారు నిలుస్తారు, అతుక్కున్నవారు జారుతారు. రెండో తప్పు చేతులతో అవసరానికి మించి బిగించి పట్టుకోవడం. అయిదు నిమిషాల్లో ముంజేతులు బిగుసుకుపోతాయి, వేళ్లు తెరుచుకుంటాయి. మూడోది, మునివేళ్ల మీద ఎక్కువసేపు ఆగడం వల్ల కాలు టకటకా ఆడిపోవడం. దీన్ని చాలామంది భయం ముదిరిందనుకుని హడలిపోతారు. అలసిన పిక్క కండరం చేసే పని అది. మడమను కాస్త కిందికి దించి, ఊపిరి నిదానంగా వదిలితే చాలాసార్లు ఆగిపోతుంది.

ఈ మూడు తప్పుల్లో ఒక సామ్యం ఉంది. భయం చెప్పిన మొదటి సలహాను శరీరం వెంటనే పాటించడం వల్ల వచ్చినవే అన్నీ. గైడు నేర్పేది ఆ సలహాకూ కదలికకూ మధ్య ఒక చిన్న విరామం పెట్టడం. ఆగాలి, పాదం ఎక్కడుందో చూసుకోవాలి, మూడు అవయవాలు స్థిరంగా ఉన్నాకే నాలుగోదాన్ని కదపాలి. శిఖరం ఎంత దూరమో చూడటం మానేసి తర్వాతి అడుగు ఎక్కడ పెట్టాలో వెతకడం మొదలైన క్షణం నుంచి ఎక్కేవారి ముఖంలో మార్పు కనిపిస్తుంది. పెద్ద పనిని చేతికందే ముక్కలుగా విడగొట్టడం గురించి పుస్తకాలు ఎంత చెప్పినా, నలభై అడుగుల బండ మీద అది అరగంటలో ఒంటబడుతుంది.

కింద తాడు పట్టే వ్యక్తి పాత్రను చాలా విహారాల్లో తక్కువ చేసి చూస్తారు. బిలే చేయడం చూడటానికి ఏమీ చేయనట్టే ఉంటుంది. చప్పట్లు పైనున్నవారికే. కాని తాడు చివరను చేయి క్షణం కూడా వదలకూడదు, పక్కవారితో కబుర్లు పనికిరావు. తనకు పేరు రాని పనిలో మరొకరి ప్రాణం కోసం అరగంట ఏకాగ్రతగా ఉండగలగడం గొప్ప గుణం. అనుభవం ఉన్న గైడు ప్రతి ఒక్కరికీ పర్యవేక్షణలో కొంతసేపైనా ఈ పని అప్పగిస్తాడు.

దిగడంలో పరీక్ష వేరు. రాపెల్లింగ్‌లో మొదటి అడుగు వెనక్కి, శూన్యంలోకి. తాడు మీద పూర్తి బరువు వేసి, కాళ్లు బండకు అడ్డంగా తన్ని, వెనక్కి వాలితేనే నిలకడ. సగం నమ్మి సగం వాలితే పాదాలు జారి మోకాళ్లు రాతికి కొట్టుకుంటాయి. ఈ సంగతి తెలంగాణ పల్లెలకు కొత్త కాదు. గీత కార్మికుడు మోకును నడుముకూ తాటిచెట్టుకూ కలిపి చుట్టి, వెనక్కి వాలి, ఆ వాలు మీదే నిలబడి కల్లు గీస్తాడు. ఆ పనిలో పడిపోయి ప్రాణాలు పోగొట్టుకున్నవారు, మంచాన పడ్డవారు ఎందరో ఉన్నారు. 2024లో తెలంగాణ ప్రభుత్వం ‘కాటమయ్య రక్షక కవచం’ పేరుతో వారికి రక్షణ కిట్లు ఇవ్వడం మొదలుపెట్టింది. విహారానికి వచ్చినవారు ఒక్కపూట చేసి మురిసిపోయే పనిని బతుకుదెరువు కోసం రోజూ చేసేవారికి రక్షణ అంత ఆలస్యంగా అందిందన్న ఎరుక కూడా వ్యక్తిత్వంలో భాగమే.

మరికొన్ని కొండల్లో చరియ పొడవునా ఇనుప తీగ, ఇనుప మెట్లు బిగించి ఉంటాయి. వీటిని ఇటాలియన్ పేరుతో వయా ఫెరాటా అంటారు. ఇటలీ డోలమైట్ పర్వతాల్లో ఇలాంటి దారులు కొన్ని మొదటి ప్రపంచ యుద్ధంలో సైనికుల కోసం వేసినవి. ఎక్కేవారి హార్నెస్‌కు రెండు పట్టీలు, రెండు కొక్కేలు ఉంటాయి. తీగను బండకు బిగించిన మేకు దగ్గర ఒక కొక్కెం తీసి అవతల తగిలించాకే రెండోది తీయాలి. రెండూ ఒకేసారి ఊడకూడదు. ఉద్యోగం మారేటప్పుడు, ఊరు మారేటప్పుడు పాత ఆధారం వదిలే ముందు కొత్తది బిగిసిందో లేదో చూసుకునేవారు ఈ నియమాన్ని వెంటనే గుర్తుపడతారు. దీనికి ఒక హెచ్చరిక చేర్చాలి: ఇక్కడ పడితే కింది మేకు దాకా జారి ఒక్కసారిగా ఆగాలి. కాబట్టి దెబ్బను మింగే ప్రత్యేక పట్టీ లేకుండా మామూలు తాడుతో ఎక్కనివ్వడం నేరంతో సమానం.

జిప్‌లైన్ స్వభావం వీటన్నిటికీ భిన్నం. ఎక్కేటప్పుడు వంద చిన్న నిర్ణయాలు, ప్రతిదాన్నీ దిద్దుకునే అవకాశం. జిప్‌లైన్‌లో నిర్ణయం ఒక్కటే. అరుగు వదిలాక చేయగలిగింది దాదాపు ఏమీ లేదు. భూమ్యాకర్షణ, కప్పీ, తీగ వాలు, అవతలి బ్రేకు మిగతా పని చూసుకుంటాయి. బరువైనవారు వేగంగా పోతారు, మరీ తేలికైనవారు తీగ మధ్య వంపులోనే ఆగిపోవచ్చు. అందుకే కనీస, గరిష్ఠ బరువు పరిమితులుంటాయి. యూఏఈలోని రస్ అల్ ఖైమాలో జెబెల్ జైస్ కొండ మీద 2018లో ప్రారంభమైన జిప్‌లైన్ పొడవు 2.8 కిలోమీటర్లు దాటుతుంది. అప్పట్లో ప్రపంచంలోకెల్లా పొడవైనదిగా గిన్నిస్ గుర్తింపు పొందింది. 

ఇలా అరుగు వదిలేయడానికి ముందు క్షణాల లాంటివాటి గురించి పరిశోధన ఉంది. 1960లలో సీమోర్ ఎప్‌స్టీన్, వాల్టర్ ఫెంజ్ పారాషూట్ దూకేవారి గుండె వేగాన్ని, శ్వాసను కొలిచారు. కొత్తవారిలో ఉద్వేగం దూకే క్షణం దాకా పెరుగుతూనే పోయింది. అనుభవజ్ఞుల్లో అది ముందే పతాక స్థాయికి చేరి, దూకే సమయానికి తగ్గింది. అంటే అనుభవజ్ఞులకూ భయం వచ్చింది. ముందుగా వచ్చి, ముందుగా సర్దుకుంది. పరీక్షకు ముందు రాత్రి, ఇంటర్వ్యూ గది బయట పడే ఆందోళన విషయంలోనూ ఇది పనికొచ్చే సమాచారం. అరుగు మీద వరుసలో ఎక్కువసేపు నిలబెట్టడం కొత్తవారికి మేలు చేయదు. అంచుకు వచ్చాక సూచనలు చెప్పడం మొదలుపెట్టే గైడు పని తెలియనివాడు.

గైడు ముఖానికి కూడా బలం ఉంది. గిబ్సన్ గాజు బల్లనే తక్కువ లోతుతో వాడి, 1985లో జేమ్స్ సోర్స్ బృందం ఏడాది వయసు పిల్లలను పరీక్షించింది. తల్లి సంతోషంగా కనిపించినప్పుడు 19 మందిలో 14 మంది గాజు దాటారు. భయపడ్డ ముఖం చూసినప్పుడు 17 మందిలో ఒక్కరూ దాటలేదు. ఏం చేయాలో తోచనప్పుడు నమ్మినవారి ముఖంలో జవాబు వెతకడం పెద్దయ్యాకా పోదు. అందుకే కేకలు వేసే గైడు కన్నా నిదానంగా మాట్లాడే గైడు ఎక్కువమందిని పైకి చేర్చగలడు.

ఇక్కడే ఒక చెడ్డ అలవాటును ఖండించాలి. ఆఫీసు బృందాల విహారాల్లో ఎక్కనన్నవారిని గేలిచేయడం, పైఅధికారి ముందు నిలబెట్టి ‘ఎక్కాల్సిందే’ అనడం ధైర్యం నేర్పవు. బలవంతాన ఎక్కినవారికి మిగిలే జ్ఞాపకం తన మాటకు విలువ లేదన్నదే. గుండె జబ్బు, ఫిట్స్, ఇటీవలి ఆపరేషన్, గర్భం లాంటి సంగతులు నలుగురిలో చెప్పలేక ఎక్కేసేవారూ ఉంటారు. ‘ఈరోజు వద్దు’ అని చెప్పే హక్కు ఉదయమే అందరికీ ప్రకటించాలి, కారణం అడగకూడదు. పది అడుగులు ఎక్కి దిగి వచ్చినవారు కూడా ఏదో ఒకటి నేర్చుకునే వచ్చారు.

బండ మీద వచ్చిన ధైర్యం బతుకులోకి వస్తుందా అన్నది చివరి ప్రశ్న. మనస్తత్వ శాస్త్రవేత్త ఆల్బర్ట్ బండూరా 1977లో స్వీయ సామర్థ్య విశ్వాసం గురించి రాస్తూ దానికి నాలుగు ఆధారాలు చూపాడు: స్వయంగా చేసి గెలవడం, తనలాంటివారు చేయగా చూడటం, నమ్మినవారి ప్రోత్సాహం, తన శరీరపు ఉద్వేగాన్ని అర్థం చేసుకునే తీరు. మంచి గైడుతో గడిపిన రోజులో నాలుగూ ఉంటాయి. అయితే ఆ విశ్వాసం ఏ పనిలో సంపాదించామో ఆ పనికే ఎక్కువగా అంటిపెట్టుకుంటుంది. చరియ ఎక్కినంత మాత్రాన వేదిక మీద గొంతు వణకడం ఆగదు. 1941లో వేల్స్‌లోని అబర్‌డవీలో కర్ట్ హాన్, లారెన్స్ హోల్ట్ స్థాపించిన అవుట్‌వర్డ్ బౌండ్ తరహా శిక్షణల్లో సాహసం తర్వాత కూర్చుని మాట్లాడుకోవడానికి క్రమంగా పెద్ద పీట పడింది. తాళ్లు చుట్టి, హెల్మెట్లు లెక్కపెట్టి అప్పజెప్పాక, బస్సు ఎక్కే ముందు అరగంట కేటాయించాలి. ఎక్కడ ఆగిపోయారు, అప్పుడు శరీరం ఏం చేసింది, మళ్లీ కదిలించింది ఏమిటి, తనకు తెలిసిన మరే పరిస్థితిలో ఇలాగే బిగుసుకుపోతారు? ఈ ప్రశ్నలకు ఒక్కొక్కరూ జవాబు చెప్పాలి, లేదా కాగితం మీద రాసుకోవాలి. తర్వాతి వారంలో ఆ పరిస్థితినే చిన్న మోతాదులో, తోడుగా ఒకరిని పెట్టుకుని ఎదుర్కోవాలి. సమావేశంలో ఒక్క ప్రశ్న అడగడం, వాయిదా వేస్తూ వచ్చిన ఒక్క ఫోన్ చేయడం తొలి మోతాదుకు సరిపోతాయి.