ముందు వాళ్లకు నచ్చిన పాట

2023 ఆస్కార్ వేడుకలో ‘నాటు నాటు’ గెలిచిన రాత్రి మనందరికీ గుర్తే. ఆరోజు దానితో పోటీపడిన పాటల్లో ‘లిఫ్ట్ మీ అప్’ ఒకటి. దాన్ని కూర్చిన నలుగురిలో స్వీడన్ సంగీత దర్శకుడు లుడ్విగ్ గోరన్‌సన్ ఉన్నాడు. ‘బ్లాక్ పాంథర్’ నేపథ్య సంగీతానికి అప్పటికే ఆయనకో ఆస్కార్ ఉంది. మరుసటి ఏడాది ‘ఓపెన్‌హైమర్’కి ఇంకొకటి వచ్చింది. మీ అబ్బాయి గిటార్ మూలన పడేశాడనో, అమ్మాయి కీబోర్డ్ క్లాసుకు వెళ్లనని మొరాయిస్తోందనో బెంగపడుతుంటే ఈయన చిన్నతనం కాస్త చూడండి.

పుట్టింది 1984లో, లిన్‌షోపింగ్‌లో. తండ్రి గిటార్ మాస్టారు. బెథోవెన్ మీది అభిమానంతో కొడుక్కి లుడ్విగ్ అని పేరు పెట్టి, చిన్నప్పుడే గిటార్ చేతికిచ్చాడు. పిల్లవాడికి పెద్దగా పట్టలేదు. తొమ్మిదేళ్లప్పుడు హెవీ మెటల్ బ్యాండ్ మెటాలికా వాళ్ల ‘ఎంటర్ శాండ్‌మన్’ చెవిన పడింది. ఆ హోరుతోనే గిటార్ మీద మోజు పుట్టింది.

కాబట్టి పిల్లలు ఏ ర్యాప్ పాటో, వీడియో గేమ్ ట్యూనో పదేపదే వింటుంటే ‘ఏంట్రా ఆ గోల’ అని కసురుకోకండి. ‘అది వాయించగలవా?’ అని అడగండి. సరళీ స్వరాలతో పాటు వాళ్లు కోరిన పాట ఒకటి నేర్పమని మాస్టారికీ ముందే చెప్పండి.

గోలతో మొదలైతే అక్కడే ఆగిపోతారని భయం వద్దు. గోరన్‌సన్ స్టాక్‌హోమ్ రాయల్ కాలేజీలో సంగీతం చదివాడు. ‘బ్లాక్ పాంథర్’ కోసం సెనెగల్ వెళ్లి గాయకుడు బాబా మాల్ వెంట తిరిగాడు. అక్కడ తమా అనే చిన్న డోలు ఉంటుంది. చంకలో పెట్టుకుని తాళ్లను నొక్కుతూ వాయిస్తే మాట పలికినట్టే స్వరం హెచ్చుతగ్గులవుతుంది. సినిమాలో ఆ డోలు కథానాయకుడు టి’చల్లా పేరును పలుకుతుంది. ఇష్టం కుదిరిన మనిషికి ఎంత దూరమైనా వెళ్లి నేర్చుకునే ఓపిక దానంతటదే వస్తుంది.

స్నేహితుల విషయంలోనూ కాస్త చూసీచూడనట్టు ఉండండి. లాస్ ఏంజెలెస్‌లోని యూఎస్‌సీ విశ్వవిద్యాలయంలో చదివేటప్పుడు గోరన్‌సన్‌కి దర్శకత్వం నేర్చుకుంటున్న రయన్ కూగ్లర్ పరిచయమయ్యాడు. అతని విద్యార్థి చిత్రానికి సంగీతం కట్టాడు. ‘ఫ్రూట్‌వేల్ స్టేషన్’, ‘క్రీడ్’, ‘బ్లాక్ పాంథర్’, ‘సిన్నర్స్’ అన్నీ ఆ స్నేహంలోంచి వచ్చినవే. మీ ఇంట్లో నలుగురు పిల్లలు చేరి షార్ట్ ఫిల్మ్ తీస్తామంటే, హోంవర్క్ అయ్యాక ఓ గది వాళ్లకు వదిలేయండి.

టెన్త్ వచ్చిందని సంగీతం పూర్తిగా మాన్పించకండి. క్లాసు ఆపినా వాద్యం అటక ఎక్కించొద్దు. వచ్చే సెలవుల్లో కొత్త క్లాసుకు డబ్బు కట్టే ముందు ‘నీకు ఏ పాట వాయించాలనుంది?’ అని అడగండి. జవాబు మీకు నచ్చకపోయినా సరే, దానితోనే మొదలుపెట్టించండి.