ఒకే రోజు రెండు ఊళ్లా?

ప్రశ్న: అమ్మానాన్నలతో మాడ్రిడ్ వెళ్తున్నాం. టొలీడో, సెగోవియా రెండూ ఒకే రోజు చూపించే గైడెడ్ టూర్ తీసుకోవచ్చా?

జవాబు: పెద్దవాళ్లు వెంట ఉన్నారు కాబట్టి వద్దంటాను. టొలీడో మాడ్రిడ్‌కు దక్షిణాన, సెగోవియా వాయవ్యాన. చాలాసేపు బస్సులోనే గడిచిపోతుంది. గైడ్‌తో టొలీడో ఒక్కటే చూడండి. అక్కడి శాంతా మరియా లా బ్లాంకా యూదుల ప్రార్థనా మందిరంగా కట్టింది, తోరణాలేమో ఇస్లామిక్ శైలివి, తర్వాత చర్చి అయింది. ఇదంతా ఎవరైనా దగ్గరుండి చెబితేనే బోధపడుతుంది. శాంతో తోమే చర్చిలో ఎల్ గ్రెకో చిత్రం తప్పక చూడాలి. దాని టికెట్ టూర్ ధరలో ఉందో లేదో ముందే అడగండి. రాళ్లు పరిచిన ఎగుడుదిగుడు వీధులు, మంచి బూట్లు వేయించండి.

సున్నం లేకుండా నిలిచిన సెగోవియా రోమన్ జలవాహికకు గైడ్ అక్కర్లేదు. మరో రోజు వేగరైల్లో వెళ్లండి, అరగంట ప్రయాణం. స్టేషన్ ఊరి బయట ఉంటుంది, అక్కణ్నుంచి సిటీ బస్సు ఎక్కాలి.