ఓటు లేని కుర్చీ: హైదరాబాద్ నుంచి హౌస్ ఆఫ్ లార్డ్స్ దాకా

ఈ నెల సోషల్ పాఠం - హైస్కూలు పిల్లల తల్లిదండ్రుల కోసం



ఎగువ సభ పాఠం చెప్పేటప్పుడు పిల్లలు అడిగే ప్రశ్న ఒకటుంది. ప్రజలు ఓటు వేయకుండానే ఒక మనిషి చట్టసభలో ఎలా కూర్చుంటాడు? మంత్రి కూడా ఎలా అవుతాడు? పుస్తకంలో దీనికి జవాబు రెండు వాక్యాల్లో అయిపోతుంది. పరీక్షకు అది సరిపోవచ్చు కానీ అడిగిన పిల్లలకు సరిపోదు. అందుకే ఈ నెల ఒక హైదరాబాదీ కథను ఆధారం చేసుకుని ఈ పాఠం రాస్తున్నాం.

ఎవరీ లార్డ్ బిలిమోరియా?

అబిడ్స్ తిలక్ రోడ్డులో పార్సీల అగ్ని ఆలయం మీలో చాలామంది చూసే ఉంటారు. సంఖ్యలో చాలా తక్కువే అయినా, నిజాం కాలం నుంచి ఈ నగరంలో వ్యాపారంలోనూ ఉద్యోగాల్లోనూ పేరున్న సమాజం వారిది. కరణ్ బిలిమోరియా ఆ సమాజం నుంచే వచ్చారు. ఆయన 1961లో హైదరాబాద్‌లో పుట్టారు. తండ్రి సైన్యంలో లెఫ్టినెంట్ జనరల్ స్థాయికి ఎదిగిన అధికారి. తల్లి వైపు ముత్తాత డి.డి. ఇటాలియా 1950లలో రాజ్యసభ సభ్యుడు. అంటే ఎగువ సభ ఆ ఇంటికి కొత్త కాదు.

తండ్రి బదిలీల వల్ల కరణ్ చాలా స్కూళ్లు మారారు. ఉస్మానియా యూనివర్సిటీలో బీకాం 1981లో పూర్తిచేసి లండన్ వెళ్లి చార్టర్డ్ అకౌంటెంట్ అయ్యారు, ఆ తర్వాత కేంబ్రిడ్జిలో లా చదివారు. చదువు అప్పు తీరకముందే కోబ్రా బీరు వ్యాపారం మొదలుపెట్టారు. ఆ వ్యాపారం పెరిగింది, దెబ్బా తింది. 2009లో కంపెనీ దివాలా ప్రక్రియలోకి వెళ్లి, మరో పెద్ద కంపెనీతో భాగస్వామ్యంలో మళ్లీ నిలబడింది. సరుకు ఇచ్చి డబ్బు కోసం ఎదురుచూసినవాళ్లు మాత్రం నష్టపోయారు.

2006లో ఆయన లైఫ్ పీర్ అయ్యారు. హౌస్ ఆఫ్ లార్డ్స్‌లో కూర్చున్న మొదటి పార్సీ ఆయనే. అంతకుముందు ముగ్గురు పార్సీలు ప్రజల ఓట్లతో కామన్స్ సభకు వెళ్లారు: 1892లో దాదాభాయ్ నౌరోజీ లిబరల్‌గా, 1895లో భవ్‌నగ్రీ కన్జర్వేటివ్‌గా, 1922లో సక్లత్‌వాలా లేబర్ అభ్యర్థిగా. బిలిమోరియా ఏ పార్టీలోనూ చేరకుండా క్రాస్‌బెంచ్‌లో కూర్చున్నారు. పార్టీల ఆదేశం లేని స్వతంత్ర సభ్యులు కూర్చునే వరుసలవి.

లైఫ్ పీర్ అంటే?

పూర్వం లార్డ్ పదవి తండ్రి నుంచి కొడుక్కి వచ్చేది. 1919లో ఆ సభలో అడుగుపెట్టిన మొదటి భారతీయుడు సత్యేంద్ర ప్రసన్న సిన్హాది వంశపారంపర్య పదవే. ఇండియా వ్యవహారాల ఉపమంత్రిగా ఆయన 1919 భారత ప్రభుత్వ చట్టాన్ని లార్డ్స్‌లో నడిపించారు. 1958 చట్టంతో లైఫ్ పీర్లు వచ్చారు. ఈ పదవి ఆ మనిషితోనే ముగుస్తుంది, పిల్లలకు రాదు. ప్రధాని సిఫార్సు చేస్తే రాజు లేదా రాణి నియమిస్తారు. పార్టీలకు అతీతమైన పేర్లను 2000 నుంచి ఒక కమిషన్ సూచిస్తోంది.

లైఫ్ పీర్ మంత్రి కావచ్చు. ఉదాహరణకు, జైలు నుంచి విడుదలైనవారికి తన దుకాణాల్లో ఉద్యోగాలిచ్చిన వ్యాపారి జేమ్స్ టింప్సన్‌ను 2024లో లార్డ్‌ను చేసి జైళ్ల శాఖ అప్పగించారు. పని తెలిసినవాడికి పని ఇవ్వడం అంటే ఇదే. రెండో వైపు కూడా చూడాలి. 2023 నవంబరులో మాజీ ప్రధాని డేవిడ్ కామెరాన్‌ను లార్డ్‌ను చేసి విదేశాంగ మంత్రిని చేశారు. లార్డ్ కాబట్టి ఆయన కామన్స్‌లో మాట్లాడలేరు. ప్రజలు ఎన్నుకున్న ఎంపీల ప్రశ్నలకు అక్కడ ఆయన బదులు మరో మంత్రి జవాబిచ్చేవారు.

మన నాంపల్లిలో ఎలా?

తెలంగాణ శాసన మండలి మనకు దగ్గరే, నాంపల్లి పబ్లిక్ గార్డెన్స్ దగ్గర ఉంది. మొత్తం 40 మంది సభ్యులు:

- ఎమ్మెల్యేలు ఎన్నుకునేవారు 14
- స్థానిక సంస్థల నుంచి 14
- పట్టభద్రుల నుంచి 3
- టీచర్ల నుంచి 3
- గవర్నర్ నామినేట్ చేసేవారు 6

వీరి పదవీకాలం ఆరేళ్లు, లార్డ్స్‌లా జీవితాంతం కాదు. ఇక్కడా ఎమ్మెల్సీలు మంత్రులవుతారు. 2018 నుంచి 2023 వరకు హోం మంత్రిగా ఉన్న మహమూద్ అలీ ఎమ్మెల్సీయే. ఏ సభలోనూ లేనివారు కూడా మంత్రి కావచ్చు కానీ ఆరు నెలల్లో ఏదో ఒక సభకు సభ్యులు కావాలి (రాజ్యాంగం 164వ అధికరణ). పైగా మన దగ్గర మంత్రి ఏ సభ సభ్యుడైనా రెండు సభల్లోనూ మాట్లాడవచ్చు. అంటే ఎమ్మెల్సీ అయిన మంత్రిని మన ఎమ్మెల్యే ఎదురుగా నిలబెట్టి అడగగలడు. కామెరాన్ విషయంలో బ్రిటన్‌లో వీలుకానిది ఇదే.

ఇది మనకెందుకు?

పిల్లల్ని బ్రిటన్‌కు పంపాలనుకునే తల్లిదండ్రులకు దీనితో నేరుగా సంబంధం ఉంది. చదువు అయ్యాక రెండేళ్లు పనిచేసుకునే వీసాను బ్రిటన్ 2012లో తీసేసింది. చదువు కోసం అప్పు చేసిన ఎన్నో కుటుంబాల లెక్కలు దాంతో తారుమారయ్యాయి. విదేశీ విద్యార్థుల తరఫున ఏళ్ల తరబడి లార్డ్స్‌లో మాట్లాడినవారిలో బిలిమోరియా ఒకరు. యూనివర్సిటీలు, కొందరు ఎంపీలు కూడా గట్టిగా అడిగారు. తిరిగి ఇస్తామని 2019లో ప్రభుత్వం ప్రకటించింది, 2021 జులైలో ఆ వీసా మొదలైంది. మళ్లీ 2025లో, 2027 జనవరి నుంచి దరఖాస్తు చేసేవారికి దాన్ని 18 నెలలకు తగ్గించాలని నిర్ణయించింది. పీహెచ్‌డీ వారికి మాత్రం మూడేళ్లే ఉంటుంది.

ఇక్కడే అసలు పాఠం ఉంది. ఓటర్లకు భయపడనక్కర్లేని సభ్యుడు, విదేశీ విద్యార్థి గురించి ధైర్యంగా అడగగలిగాడు. ఓటు లేని కుర్చీకి ఉన్న బలం ఇదే. కానీ ఆయన అడగగలిగాడే గానీ నిర్ణయించలేదు. నిర్ణయం ప్రభుత్వానిది. ఆ నిర్ణయం తీసుకునే కుర్చీలో కూడా ఓటు లేని మనిషే కూర్చుంటే, ఆయన్ని అడిగేదెవరు? కాబట్టి ఎగువ సభ మంచిదా చెడ్డదా అని తేల్చేముందు, అందులోని మనిషి ప్రశ్నించే చోట ఉన్నాడా, నిర్ణయించే చోట ఉన్నాడా అని పిల్లలు చూడడం నేర్చుకోవాలి.

ఇంట్లో మాట్లాడుకోవడానికి

1. లార్డ్స్‌కీ మన మండలికీ పోలికలు రెండు, తేడాలు రెండు చెప్పమనండి.
2. గవర్నర్ నామినేట్ చేసే ఆరుగురిలో మీ అమ్మాయి లేదా అబ్బాయి ఎవరిని కోరుకుంటారు? సాహిత్యం, సైన్స్, కళలు, సహకార ఉద్యమం, సమాజ సేవ: వీటిలో ఏ రంగం నుంచి?
3. ఓటు లేకుండా వచ్చిన మంత్రిని ప్రజలు ఎలా అదుపులో పెట్టగలరు?

మూడో ప్రశ్నకు పుస్తకంలో జవాబు దొరకదు. పిల్లలు ఏ జవాబు చెప్పినా తప్పనకండి, కారణం మాత్రం అడగండి. వీలైతే ఒక ఆదివారం అబిడ్స్ నుంచి పబ్లిక్ గార్డెన్స్ దాకా నడిపించి, శాసనసభ భవనాన్ని బయట నుంచే చూపిస్తూ అడగండి.